లెక్కకు రాని పిల్లల లెక్క

తోకుగావా కాలపు జపాన్ పల్లెల్లో ఏటా ఒక చిట్టా రాసేవారు. ఇంటి యజమాని పేరు, వయసు, ఆ వెనుక భార్య, ముసలి తల్లి, పిల్లలు, పాలేరుంటే పాలేరు, ఎవరిది ఏ బౌద్ధాలయమో ఆ వివరం, చివర ఆలయం వారి మొహరు. ఊళ్లో క్రైస్తవుడన్నవాడు లేడని ప్రభుత్వానికి రుజువు చూపడం దాని పని. 1637–38లో షిమబర ప్రాంతంలో పన్నుల భారం మోయలేని రైతులు, మతం దాచుకున్న క్రైస్తవులు కలిసి తిరగబడ్డాక, దేశాన్నేలే సైనికాధిపతి షోగన్ ప్రభుత్వం ఈ నిఘాను బిగించింది. 1671 నాటికి దేశమంతటా ఏటా రాయడం నియమమైంది. వెతకడానికి క్రైస్తవులు దాదాపు మిగలని రోజుల్లో కూడా రాయడం ఆగలేదు. రెండు వందల ఏళ్లు అలా రాస్తూ పోయారు.

ఆ చిట్టాల్లో కనిపించని మనుషులు కొందరున్నారు. పుట్టి, మళ్లీ చిట్టా రాసే రోజు దాకా బతకని బిడ్డ పేరు అందులోకి ఎక్కదు. జబ్బు చేసి పోయినా, కాన్పులో పోయినా, పురిటింట్లోనే పెద్దల నిర్ణయంతో ఊపిరి ఆపినా చిట్టాకు అన్నీ ఒకటే. ఆ ఇంట్లో ఆ ఏడు ఏమీ జరగనట్టే ఉంటుంది.

కాగితం మీద లేని ఆ బిడ్డల గురించే ఫేబియన్ డ్రిక్స్‌లర్ రాసిన ‘మబికి’. యేల్ విశ్వవిద్యాలయంలో చరిత్ర చెప్పే ఈ పండితుడి పుస్తకాన్ని 2013లో కాలిఫోర్నియా విశ్వవిద్యాలయ ముద్రణాలయం వెలువరించింది. తూర్పు జపాన్‌లో 1660 నుంచి 1950 వరకు శిశుహత్య ఎలా సాగింది, ఎలా ఆగింది, దానితో జనాభా ఎలా తగ్గి ఎలా పెరిగింది అన్నది విషయం. ఒత్తుగా మొలిచిన మొక్కల్ని పీకి పలచన చేయడాన్ని మబికి అంటారు. శిశుహత్యకు కూడా ఆ పేరే వాడారు. విషయం వినగానే మనసు వెనక్కి లాగుతుంది. నేను ఈ పుస్తకాన్ని పరిచయం చేయబూనింది మాత్రం దాని పనితనం కోసం. ఇంత బరువైన సంగతిని ఇంత నిదానంగా, చంపిన తల్లిదండ్రుల్ని గాని, చనిపోయిన బిడ్డల్ని గాని తేలిక చేయకుండా పట్టుకున్న చరిత్ర రచన నాకు ఇంకొకటి తారసపడలేదు.

పుస్తకం ఎత్తుకున్న చిక్కు ఎంత పాతదో ముందు చూడాలి. ఎనిమిదో షోగన్ యోషిమునె 1721లో దేశమంతటా జనాన్ని లెక్కపెట్టించాడు. 1726 నుంచి 1846 వరకు ఆరేళ్లకొకసారి ఆ లెక్క తీశారు. సమురాయ్ కుటుంబాలను కలపలేదు. 1721లో తేలింది 2 కోట్ల 60 లక్షలు, 1846లో 2 కోట్ల 69 లక్షలు. నూటపాతికేళ్లలో ఇంచుమించు కదలిక లేదు. ఈ మొత్తాన్ని పక్కనపెట్టి రాష్ట్రాలవారీగా చూస్తే అసలు సంగతి బయటపడుతుంది. నైరుతిలో జనం పెరుగుతున్నారు, తూర్పున, ఈశాన్యంలో తరిగిపోతున్నారు. తూర్పున ఉన్న హితాచిలో ఆ కాలంలో 7 లక్షల 12 వేలు కాస్తా 5 లక్షల 22 వేలయ్యాయి. షిమోత్సుకెలో 5 లక్షల 60 వేలు 3 లక్షల 79 వేలకు దిగాయి. అంటే అక్కడ దాదాపు మూడో వంతు మనుషులు లేరు. కరువులు వచ్చిన మాట నిజం. 1750ల నడుమ ఒకటి, 1783లో అసమ కొండ బద్దలైన రోజుల్లో మరొకటి, 1830లలో ఇంకొకటి. అయితే కరువు పోయాక పొలాలు ఖాళీగా ఉంటాయి, పెళ్లిళ్లు అవుతాయి, పిల్లలు పుడతారు, ఒక తరంలో ఊరు నిండుతుంది. తూర్పున అలా నిండలేదు. దేశంలో యుద్ధం లేదు, పొలం బీడు పడి ఉంది, అయినా ఇళ్లలో ఇద్దరో ముగ్గురో పిల్లలే.

ఈ చిక్కుముడి మీద డ్రిక్స్‌లర్‌కు ముందు చేయి పెట్టినవారిలో హయామి అకిరాను మొదట చెప్పుకోవాలి. కేయో విశ్వవిద్యాలయపు ఈ ఆర్థిక చరిత్రకారుడు 1963లో యూరప్ వెళ్లాడు. ఫ్రాన్స్‌లో లూయీ ఆన్రీ అనే జనాభా శాస్త్రవేత్త చర్చి రిజిస్టర్లలోని బాప్తిస్మం, పెళ్లి, ఖననం వివరాలను కలిపి కుటుంబాలను తిరిగి కట్టే పద్ధతిని రూపొందించాడు. అది హయామి కంటపడింది. తన దేశంలో మూలపడి ఉన్న మతపరిశీలన చిట్టాలు అంతకన్నా గొప్ప సరుకని ఆయనకు తట్టింది. ఫ్రాన్స్ చర్చి పుస్తకాల్లో మనిషి పుట్టినప్పుడు, పెళ్లాడినప్పుడు, చనిపోయినప్పుడు మాత్రమే కనిపిస్తాడు. జపాన్ చిట్టాలో ఏటా కనిపిస్తాడు. స్వదేశం వచ్చి ఆయన ఒక పెద్ద కాగితం తయారుచేశాడు. ఒక ఇంటికి ఒక వరస కాగితాలు. అడ్డంగా సంవత్సరాలు, నిలువుగా మనుషులు. ఒక్కో గడిలో ఆ ఏటి వయసు. బేసిక్ డేటా షీట్ అని దానికి పేరు. గడులు నిండుతుంటే కోడలు ఏ ఏడు కాపురానికొచ్చింది, కొడుకు ఏ ఏడు పట్నం పనికి పోయాడు, ఎప్పుడు తిరిగొచ్చాడు, అసలు తిరిగిరానే లేదా అన్నదంతా కళ్లకు కడుతుంది. సువా జిల్లాలోని యొకోఉచి గ్రామానికి 1671 నుంచి 1871 వరకు చిట్టాలు దొరికాయి. మినో రాష్ట్రంలోని నిషిజో గ్రామానికి 1773 నుంచి 1869 వరకు 97 ఏళ్లవి ఒక్కటి కూడా పోకుండా దొరికాయి. ఒక్క ఊరితో ఏళ్ల తరబడి కూర్చునే ఓపిక హయామిది. పట్నాలకు పనికి పోయినవాళ్లలో చాలామంది అక్కడే చనిపోవడం, ఆడపిల్లలకు పెళ్లి ఆలస్యం కావడం జనాభా నిలిచిపోవడానికి కారణాలని ఆయన తేల్చాడు. శిశుహత్య ఆయన చూపుకు అంచున ఉంది.

దాన్ని నడిమధ్యకు తెచ్చింది అమెరికన్ చరిత్రకారుడు థామస్ స్మిత్. 1977లో వచ్చిన ఆయన ‘నకహర’ ఒకే ఒక్క పల్లె మీద, 1717 నుంచి 1830 దాకా. ఆయన వేసిన ప్రశ్న సులువైనది, అందుకే గొప్పది. ఇంట్లో ఇప్పటికే ఇద్దరు మగపిల్లలున్నారనుకోండి. తర్వాతి కాన్పులో మగబిడ్డ పుట్టాలా ఆడబిడ్డ పుట్టాలా అన్నది ప్రకృతి ఆ అన్నల్ని చూసి నిర్ణయించదు. కాని చిట్టాల్లో చూస్తే మగపిల్లలు ఎక్కువున్న ఇంట ఆడపిల్ల, ఆడపిల్లలు ఎక్కువున్న ఇంట మగపిల్లవాడు తర్వాత రావడం మామూలుకన్నా ఎక్కువగా ఉంది. ప్రకృతి చేయని ఎంపిక ఎవరో చేస్తున్నారు. ఇంకా పదునైన మాట ఆయన మరొకటి అన్నాడు. ఈ ఎంపిక కరువు ఏళ్లలోనే కాదు, పంట పండిన ఏళ్లలోనూ ఉంది. పేదల ఇళ్లలోనే కాదు, భూమి ఉన్న ఇళ్లలోనూ ఉంది. ఆకలికి తాళలేక చేసిన పని అన్న పాత వివరణ ఆ ఒక్క పరిశీలనతో చాలకుండా పోయింది.

పండితులందరూ ఒప్పుకోలేదు. లారెల్ కార్నెల్, సైతో ఒసాము వంటివారు, తల్లులు ఏళ్ల తరబడి పాలివ్వడం, భర్త పనికోసం దూరం పోవడం, పసివాళ్లు జబ్బులతో పోవడం ఇవన్నీ ఉండగా హత్య అని ఎందుకనాలి అని అడిగారు. అది న్యాయమైన ప్రశ్నే. ఒక్క ఊరి లెక్కతో దేశం గతి చెప్పడం ఎవరికైనా కష్టం. డ్రిక్స్‌లర్ పనితనం మొదలయ్యేది ఇక్కడే.

ఆయన ఊరి లోతును వదులుకుని దేశపు వెడల్పును ఎంచుకున్నాడు. తూర్పున పది రాష్ట్రాలు తీసుకున్నాడు. అక్కడి పల్లెల్లో వరసగా వందేళ్ల చిట్టాలు దొరికే ఊళ్లు బహు తక్కువ. మంటల్లో పోగా, చెదలు తినగా, వాడేసిన కాగితాన్ని గోడలకూ తలుపులకూ అతికించేయగా చాలా ఊళ్లకు ఎక్కడో ఒకటో రెండో చిట్టాలే మిగిలాయి. హయామి పద్ధతికి అవి పనికిరావు. డ్రిక్స్‌లర్ వాటితోనే పని మొదలుపెట్టాడు. 1960ల్లో ఆధునిక జనాభా లెక్కల కోసం అమెరికాలో రూపుదిద్దుకున్న ఒక పద్ధతి ఆయనకు అక్కరకొచ్చింది. దాని నడక ఇది. ఒక చిట్టాలో ఒక తల్లికి 28 ఏళ్లు, పక్కన కొడుక్కి నాలుగేళ్లు ఉంటే ఆమె ఆ బిడ్డను కన్నది 24 ఏళ్ల ప్రాంతంలో. అలా ఊళ్లోని తల్లులందరినీ, వాళ్ల పక్కన రాసిన పిల్లలందరినీ జతచేసుకుంటూ పోవాలి. ఈ లోపల చనిపోయి ఉండగల పిల్లల్ని మరణాల పట్టికల సాయంతో తిరిగి కలపాలి. అప్పుడు గడిచిన పదిపదిహేనేళ్లలో ఆ ఊళ్లో ఒక స్త్రీ సగటున ఎందరిని పెంచుకుందో తేలుతుంది. ఒక్క ఏటి చిట్టా చాలు. ఒక ఊరికి ఒక్కటే మిగిలినా ఆ ఊరు చరిత్రలోకి వస్తుంది.

ఇది వినడానికి తేలిక, చేతిలో పట్టుకోవడానికి కాదు. ఆ కాలపు జపనీయుల వయసు లెక్క వేరు. బిడ్డ పుట్టగానే ఒక ఏడు, కొత్త సంవత్సరం రాగానే రెండో ఏడు. ఏడాది చివరి నెలలో పుట్టిన బిడ్డ వారాలు తిరక్కుండానే రెండేళ్లవాడైపోతాడు. కొన్ని సంస్థానాల్లో చిన్నపిల్లల్ని ఒక వయసు వచ్చేదాకా చిట్టాలోకే ఎక్కించరు. దత్తత తెచ్చుకున్న బిడ్డ కన్నబిడ్డలాగే కనిపిస్తాడు. మరణాల పట్టికలో అంచనా కొంచెం అటుఇటైతే చివరి అంకె ఎంతో మారుతుంది. ఇలాంటి ప్రతి చోటా డ్రిక్స్‌లర్ ఆగుతాడు. ఎంత తప్పుకు అవకాశముందో అక్కడే చెప్తాడు. ఎవరైనా అడగబోయే ప్రశ్నను తనే ముందు అడిగి, దాన్ని తేలిక చేయకుండా జవాబు వెతుకుతాడు. మంచి కంసాలి బంగారాన్ని గీటురాయి మీద గీసి మనకే చూపించినట్టు ఉంటుంది ఆ పద్ధతి.

ఇక్కడ ఒక మెలిక ఉంది, దాన్ని ఆయన మరచిపోనివ్వడు. ఈ లెక్కలో వచ్చేది పుట్టిన పిల్లల సంఖ్య కాదు, పెంచుకున్న పిల్లల సంఖ్య. పుట్టిన వెంటనే తీసేసిన బిడ్డ ఇందులోనూ కనిపించదు. మరి ఆ బిడ్డల్ని లెక్కపెట్టేదెట్లా? పుస్తకంలో నాకు అన్నిటికన్నా గొప్పగా అనిపించిన అధ్యాయం ఇదే. లేని పిల్లల లెక్కకు ఆయన ఒక దారిని నమ్ముకోలేదు, నాలుగు దారుల్లో వెళ్లాడు. వాటిలో ఒకటి, మగ, ఆడ పిల్లల నిష్పత్తులు వాళ్ల అన్నలు, అక్కల వరసను బట్టి ఎలా మారుతున్నాయో చూడటం, స్మిత్ నుంచి వచ్చిన ఆయుధం. దాన్ని ఒక్క ఊరి నుంచి వేల కుటుంబాలకు సాగదీశాడు. ఇంకోవైపు గర్భిణుల గురించి సంస్థానాలు రాయించిన కాగితాలు, మరోవైపు తర్వాతి కాలపు మృత జననాల అంకెలు. ఒకదానికొకటి సంబంధం లేని దారులు ఒకే చోటికి దగ్గరగా చేరితే ఆ చోటు మీద నమ్మకం పెట్టవచ్చు. ఆనాటి సంస్కర్తలు ఊహించి చెప్పిన గుండు అంకెలు, ఫలానా చోట ఏటా ఇన్ని వేలని రాసినవి, చరిత్ర పుస్తకాల్లో నిజాలుగా తిరుగుతున్నాయి. వాటిని ఆయన భయాందోళనలకు సాక్ష్యంగా మాత్రమే తీసుకున్నాడు. ఈ నిగ్రహం నేర్చుకోదగ్గది.

అంకెలు ఇంత గట్టిగా కట్టాక ఆయన అంకెల దగ్గర ఆగలేదు. ఎందుకు చేశారు అన్న ప్రశ్న దగ్గర ఆయన కలం ఇంకా జాగ్రత్తగా నడుస్తుంది. ఇల్లు అనేది ఆ పల్లెలకు దంపతుల కన్నా, పిల్లల కన్నా పెద్దది. చనిపోయిన పెద్దలకు పూజలు అందాలి, పొలం ముక్కలు కాకూడదు, ఒక కొడుకు ఇంటిని నిలబెట్టాలి. ఇద్దరు ముగ్గురిని చక్కగా పెంచేవారు తమను బాధ్యత గల తల్లిదండ్రులుగా ఎంచుకున్నారు. నలుగురిని పెంచితే అది అదుపులేనితనం. పుట్టీ పుట్టని బిడ్డ ఇంకా ఈ లోకానికి పూర్తిగా చెందలేదు, తిరిగి పంపవచ్చు అన్న భావన దానికి ఊతమిచ్చింది. డ్రిక్స్‌లర్ ఆ తల్లిదండ్రుల మనసులోకి వెళ్లి వాళ్ల తర్కాన్ని వాళ్ల మాటల్లోనే మనకు అర్థం చేస్తాడు. అలా అర్థం చేయించినంతలో ఒప్పు అనడు. ఒక వాక్యం ఇటు జరిగితే సమర్థన, అటు జరిగితే తిట్టు అయిపోయే చోట వందల పేజీలు ఆ మధ్యలోనే నడవడం సామాన్యమైన పని కాదు.

ఎంపిక లింగాన్ని బట్టే జరిగిందనుకోవడం కూడా పొరపాటని ఆయన చూపుతాడు. ఈ ప్రాంతాల్లో ఆడపిల్ల అక్కర్లేదన్న పట్టుదల కన్నా ఆడా మగా ఇద్దరూ ఉండాలన్న కోరిక బలమైనది. ముహూర్తాలు, శకునాలు, పుట్టిన ఏడు అన్నీ ఆ ఎంపికలో లెక్కకు వచ్చేవి. అగ్ని గుర్రం అనే ఏడు అరవై ఏళ్లకొకసారి వస్తుంది. ఆ ఏడు పుట్టిన ఆడది భర్తను మింగుతుందని నమ్మకం. 1846లో పుట్టినవారిలో ఆడవాళ్లు తక్కువని తర్వాతి ప్రభుత్వ లెక్కల్లో తేలింది. 1966లో మళ్లీ ఆ ఏడు వచ్చేసరికి జపనీయులు గర్భనిరోధం పాటించారు. జననాలు ముందటి ఏటితో పోలిస్తే నాలుగో వంతు పడిపోయాయి. ఒక నమ్మకం అంతకాలం నిలవడం, దాన్ని తీర్చుకునే దారి మాత్రం పూర్తిగా మారిపోవడం ఆలోచించదగ్గ సంగతి.

పుస్తకం రెండో సగం దీన్ని ఆపడానికి జరిగిన పోరాటం. ఇక్కడ ఆయన చిత్రాలను కూడా పత్రాలతో సమానంగా చదువుతాడు. ఇబరాకిలో తోనె నది ఒడ్డున ఫుకావ అనే ఊళ్లో తోకుమన్‌జి ఆలయం ఉంది. అక్కడ మొక్కుగా వేలాడదీసిన ఒక చెక్క పటం మీద అప్పుడే ప్రసవించిన తల్లి పసిబిడ్డ ఊపిరి ఆపుతోంది. కాగితం తలుపు మీద ఆమె నీడకు కొమ్ములున్నాయి. పక్కన నిలబడి జిజో బోధిసత్వుడు కన్నీరు పెడుతున్నాడు. వైద్యుడైన అన్న దగ్గర ఉండటానికి ఆ ఊరికి వచ్చిన పదమూడేళ్ల యనాగిత కునియో ఈ పటాన్ని చూశాడు. తర్వాత జపాన్‌లో జానపద విజ్ఞానానికి పునాది వేసిన ఆయన ముసలితనంలో చెప్పిన జ్ఞాపకాల్లో ఆ పటం తన మనసు నుంచి పోలేదని చెప్పుకున్నాడు. అలాంటి పటాలు, చుట్టలు, కరపత్రాలు తూర్పంతా తిరిగాయి. వాటిలో చంపే తల్లి మనిషి కాదు, రాక్షసి. డ్రిక్స్‌లర్ ఇక్కడ గట్టి మాట ఒకటి తేలుస్తాడు. శిశువును మనిషిగా గుర్తించే ఆ పోరాటం, పెంచని తల్లిని మనుషుల వరస నుంచి తోసివేసింది.

పాలకులు డబ్బుతోనూ ప్రయత్నించారు. నిహొన్‌మత్సు సంస్థానం 18వ శతాబ్దంలోనే పిల్లల పెంపకానికి సాయం ఇచ్చింది. షిరకావ ప్రభువు మత్సుదైర సదనోబు, తర్వాత షోగన్ ప్రభుత్వంలో ప్రధానమంత్రి అయినవాడు, ఎచిగో రాష్ట్రం నుంచి పెళ్లికూతుళ్లను తెప్పించాడు. హనవలో 1792లో అధికారం చేపట్టిన తెరనిషి అనే పాలనాధికారి పేరు పిల్లల పెంపకాన్ని ప్రోత్సహించినందుకే ఇంకా నిలిచి ఉంది. సోమ సంస్థానం పొలాలు బీడుపడ్డాక హొకురికు తీరం నుంచి జోదో షిన్‌షూ బౌద్ధులను రప్పించుకుంది. వాళ్లు పుట్టిన పిల్లలందరినీ పెంచుతారని పేరు. ఇచినొసెకి వంటి చోట్ల గర్భం నిలిచిన సంగతి అధికారులకు తెలపాలి, బిడ్డ చనిపోయి పుడితే ఎలా జరిగిందో రాసిచ్చి సంతకాలు పెట్టాలి. ఆ కాగితాల్లో ఒక్కో ఇంటి కష్టం కనిపిస్తుంది. సవయమ మికాకో అనే చరిత్రకారిణి వాటి మీద చేసిన పని కూడా వెతికి చదవదగ్గది.

ఈ ఆంక్షలూ సాయాలూ ఎంత పనిచేశాయో చెప్పడంలో డ్రిక్స్‌లర్ తొందరపడడు. 19వ శతాబ్దంలో తూర్పున ఇళ్లు మళ్లీ నిండటం మొదలైంది. ఒకచోట ముందు, ఒకచోట వెనుక. షోగన్ల తర్వాత వచ్చిన మెయిజీ ప్రభుత్వం కొత్తలోనే మంత్రసానులు గర్భస్రావాలు చేయడాన్ని నిషేధించింది. అయినా 1900 ప్రాంతంలో దేశం మొత్తం మీద నమోదైన కాన్పుల్లో మృత జననాలు వందకు తొమ్మిది దాకా ఉన్నాయి. పాత చెడ్డపేరున్న జిల్లాల్లో అవి అసహజంగా ఎక్కువ. ఆ మృత జననాల గడిలో లక్షల కొద్దీ హత్యలు దాగి ఉన్నాయని ఆయన చూపినప్పుడు నా చేయి పేజీ మీద ఆగిపోయింది. 1925 వచ్చేసరికి, ఒకప్పుడు నలుగురిని పెంచడం తప్పన్న ఆ నేల మీదే స్త్రీకి సగటున దాదాపు ఆరుగురు పిల్లలు. ఆధునికత వస్తే పిల్లలు తగ్గుతారని లోకమంతా నమ్మిన వరస ఇక్కడ తలకిందులైంది.

నాకు తృప్తి కలగనిది ఒకటి ఉంది. పెద్దల తర్కం, ప్రభువుల భయం, పండితుల ప్రచారం నిండుగా ఉన్న ఈ పుస్తకంలో ప్రసవించిన స్త్రీ గొంతు మాత్రం బహు తక్కువ. దానికి ఆయన బాధ్యుడు కాడు, రాసినవాళ్లు దాదాపు అంతా మగవాళ్లు. అయినా ఆ వెలితి చదివేవాడి మనసును వదలదు.

ఇంగ్లీషు చదవగల తెలుగు పాఠకులకు, ముఖ్యంగా పాత రిజిస్టర్ల మీద, జనాభా లెక్కల మీద పనిచేయాలనుకునే యువ పరిశోధకులకు నాదొక మనవి. ఈ పుస్తకాన్ని చివర నుంచి మొదలుపెట్టండి. అనుబంధాల్లో ఆయన తన పద్ధతినీ, సమాచారంలోని లోపాలనీ, ఏ ఊరి చిట్టాలు ఎన్ని దొరికాయో ఆ జాబితానీ విప్పి పెట్టాడు. అవి ఓపికగా చదివాక మొదటి అధ్యాయానికి రండి.